ఊ

లీడ్స్‌లో మందుల షాపు షట్టర్ దించి
గోల్‌రొఖ్ ఇల్లు చేరేసరికి పదిన్నర.
తడి సాక్సులు హీటరు మీద ఆరేసి,
నిన్నటి అన్నంలో పెరుగు కలుపుకొని
రష్త్ నగరం వానలో కూర్చుంటుంది.

పగలంతా ఆమె పని స్పష్టత.
రోజుకు రెండు, భోజనం తర్వాత, మత్తు రావచ్చు.
సీసా మీద సందేహానికి చోటుండదు.
రాత్రి మాత్రం పదకొండుమంది ఆడవాళ్ళు
వరస తప్పి వచ్చి బల్ల చుట్టూ చేరతారు.
నలుగురు ఇక లేరు. ఒకామెకు అడ్రసు లేదు.
వాళ్ళ కథలన్నీ ఫిబ్రవరిలోగా
ఇంగ్లీషులోకి దాటించాలి.

ఇవాళ్టిది తూబా కథ. తొమ్మిది పేజీలు.
అందులో ఒక దర్జీ ఆవిడ,
ఎవరి కొలతలూ కాగితం మీద పెట్టదు, వేళ్ళకే గుర్తు.
ఎనిమిది పేజీలూ గుండీలు, బాకీలు,
జాడీలో ఊరుతున్న వెల్లుల్లి,
పెంకుల మీద విసుగులేని వాన.
తొమ్మిదో పేజీ చివర ఎవరో వస్తారు.

ఫార్సీలో రెండే మాటలు: ఊ ఆమద్.
ఊ అంటే అతను. ఊ అంటే ఆమె.
ఊ అంటే, ఇద్దరిలో ఎవరని అడగని మర్యాద.
ఇంగ్లీషు అలా కాదు. గుమ్మంలోనే నిలబెట్టి
గడ్డముందా గాజులున్నాయా అని
తడిమి చూస్తేగానీ లోపలికి రానివ్వదు.

(మన తెలుగు మాత్రం తక్కువ తిందా?
'తను' అంటూ తలుపుసందులోంచి దూరిపోదామంటే
క్రియ దగ్గర కాలరు పట్టుకుంటుంది.
వచ్చాడా, వచ్చిందా?)

మూడు వారాలు ఆ వాక్యం దగ్గరే ఆగింది.
'అతను' అని రాసింది.
పెళ్ళయిపోయినట్టు కథ చప్పబడింది.
'ఆమె' అని రాసింది.
సంపాదకుడికి హుషారొచ్చి
అట్ట మీద ముసుగూ రెండు కళ్ళూ వేయిద్దామన్నాడు.
'వాళ్ళు' అని రాసింది.
ఊరేగింపు దిగినట్టు వాకిలి కిక్కిరిసింది.

ఆదివారం ఫోను చేసింది.
అటు వైపు చినుకులు, గరిటె చప్పుడు.
"తూబా ఖానుమ్, ఆ రాత్రి వచ్చింది ఎవరు?"

ముసలావిడ నవ్వింది.
నవ్వు దగ్గయి, దగ్గు చాలాసేపు ఆగలేదు.
"ఆ రోజుల్లో అనుమతుల ఆఫీసులో
ఒక కుర్రాడు ఎర్ర పెన్సిలుతో కూర్చునేవాడు తల్లీ.
రొమ్ము కొట్టేశాడు. సారా కొట్టేశాడు.
నాట్యం కొట్టేశాడు, నా కథలో గాడిద చేసింది కూడా.
అలిఫ్, వావ్, రెండక్షరాలు,
వాటి మీద మాత్రం చెయ్యి పడలేదు.
మొగుడనుకున్నాడు, పాపం.
ముప్పై ఏళ్ళు అందులో తలదాచుకున్నవాళ్ళని
ఇప్పుడు నువ్వు దీపం పట్టుకొని వెతుకుతావా?
...వింటున్నావా?"

"ఊ," అంది గోల్‌రొఖ్.
అది సర్వనామమో, కథకు ఊ కొట్టడమో
నేను చెప్పలేను.

ఫోను పెట్టబోతూ ఆవిడే అంది:
"నౌరూజ్‌కి చేప వండాం. జాయెత్ ఖాలీ."
నీ చోటు ఖాళీ.
ఒక్కసారైనా ఆ ఇంటి మెట్టెక్కని మనిషికి
అక్కడ ఒక ఖాళీ.
ఎప్పుడో ఆ దారిన మన దాకా వచ్చి
బస్సు సీట్ల మీద స్థిరపడిన మాటే.
ఇంగ్లీషులో దానికి ఎదురుగా గోల్‌రొఖ్
ఏమీ రాయలేకపోయింది.

ఆ రాత్రి 'అతను' కొట్టేసింది.
'ఆమె' కొట్టేసింది.
తన చేతిలోదీ ఎర్ర పెన్సిలేనని చూసుకొని
దాన్ని సొరుగులో పడేసి, నల్ల పెన్నుతో రాసింది:
తడిసిన కోటొకటి లోపలికి వచ్చింది.
దర్జీ వేళ్ళు దాని భుజాల్ని గుర్తుపట్టాయి.

గురువారం ఆ పేజీ తిరిగొచ్చింది.
అంచున నీలి సిరా:
ఎవరి కోటు?

గోల్‌రొఖ్ పెన్ను మూత తీసింది. పెట్టింది.
బస్సు టైమయింది.
సాక్సులు ఇంకా తడిగానే ఉన్నాయి,
అలాగే తొడుక్కుంది.